కోపం పోయిన మనిషి

మా బావ కోపం సంగతి బెంగళూరు కాటన్‌పేటలో ఆ సందు మొత్తానికి తెలుసు. కింద బట్టల గోదాము, పైన వాళ్ళ ఇల్లు. ఆయన పైన అరిస్తే కింద మూటలు దించే హమాలీలు ఒక్క క్షణం ఆగి, తలెత్తి చూసి, నవ్వుకుని మళ్ళీ పనిలో పడేవాళ్ళు. సారులో, అంటే చారులో, ఉప్పు తగ్గితే పళ్ళెం గోడకు తగిలేది. స్కూటరు స్టార్టు కాకపోతే దాన్ని తన్ని, తన కాలికే దెబ్బ తగిలించుకుని, ఆ దెబ్బకు కూడా స్కూటరునే తిట్టేవాడు. మనిషి మీద చెయ్యి చేసుకోగా నేను ఎప్పుడూ చూడలేదు. అలాంటిదేం లేదనే అక్క కూడా చెప్పేది.

అదే మనిషి, మా నాన్నకు గుండె ఆపరేషను జరిగినప్పుడు ఆసుపత్రి మెట్ల మీద కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చాడు. తనను అల్లుడిగా ఒప్పుకోవడానికి ఏళ్ళు పట్టించిన మామగారి కోసం. నాన్న కళ్ళు తెరిచాక ఆయన చెయ్యి పట్టుకుని, "ఏమప్పా మామా, భయపెట్టి సంపేస్తావా మమ్మల్ని?" అని ఆయన్నే కసురుకున్నాడు.

మాది ఒంగోలు వైపు. తాతల కాలం నుంచి క్రైస్తవులం. అక్క నర్సుగా బెంగళూరు వచ్చింది. కంట్లో ఇనుప రజను పడి బావ ఆమె పనిచేసే ఆసుపత్రికి వచ్చాడు. ఆలస్యమైందని అందరి మీదా అరిచాడు. అక్క తిరిగి అరిచింది. అలా మొదలైంది. వాళ్ళది తరాల కిందటే ఇక్కడ స్థిరపడ్డ తెలుగు వ్యాపారుల కుటుంబం, ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడం. బావకు బట్టల వ్యాపారం నచ్చక పీణ్య పారిశ్రామిక వాడలో చిన్న షెడ్డు తీసుకుని లేత్ మిషన్లు పెట్టుకున్నాడు. పెళ్ళికి ముందే ఇద్దరూ ఒక మాట అనుకున్నారు. ఆమె ఆయన్ని చర్చికి రమ్మనకూడదు, ఆయన ఆమెను గుడికి రమ్మనకూడదు. ఆదివారం పొద్దున ఆమెను చర్చి గేటు దాకా దింపి, ఎదురుగా ఉన్న టీ కొట్టు దగ్గర పేపరు చదువుతూ నిలబడేవాడు. ఒక్కసారి కూడా గేటు దాటలేదు. "లోపలికొస్తే మీ పాస్టరు అయ్యగారు నన్ను పట్టి మంచోణ్ణి చేసేస్తాడు. ఈ వయసులో నాకెందుకప్పా ఆ బేజారు?" అనేవాడు.

తర్వాత కొన్నేళ్ళకు నేను కూడా ఇక్కడే ఒక కాలేజీలో తత్వశాస్త్రం చెప్పే ఉద్యోగంలో చేరాను. ఆదివారం భోజనం అక్క ఇంట్లోనే. నేను మెట్లెక్కుతుండగానే పైనుంచి కేక వినిపించేది. "ఏం పిల్లా, ఈ వారం ఎవురి బుర్ర తిన్యావు?"

ఒక మధ్యాహ్నం షెడ్డులో బరువైన ఇనుప దిమ్మెను గొలుసుతో పైకి లేపుతుండగా కొక్కెం జారింది. అది ఊగుతూ వచ్చి బావ నుదుటికి తగిలింది. ఆపరేషను చేశారు. చాలా రోజులు ఆయన మాకు దక్కడనే అనుకున్నాం. దక్కాడు. ఇంటికి పంపేముందు డాక్టరు అక్కనూ నన్నూ కూర్చోబెట్టి చెప్పాడు. దెబ్బ తగిలింది మెదడు ముందు భాగానికి. నడక, మాట, జ్ఞాపకం అన్నీ నిలిచాయి. స్వభావంలో మాత్రం తేడా రావచ్చు. కొందరు పట్టలేనంత కోపిష్ఠులవుతారు, కొందరు దానికి ఎదురు వైపు, మరీ మెత్తనివైపు వెళ్తారు. "మీరు అదృష్టవంతులు," అన్నాడు. "ఈయన అటువైపు వెళ్తున్నట్టున్నారు."

ఆ తర్వాతి ఆదివారం నేను మెట్లెక్కుతుంటే కేక వినిపించలేదు. బావ కుర్చీలో కూర్చుని ఉన్నాడు. గుండు మీద జుట్టు అప్పుడప్పుడే మొలుస్తోంది, నుదుటి మీద కుట్ల గీత. నన్ను చూసి లేచి నిలబడ్డాడు.

"రండమ్మా. కూర్చోండి. బాగుండారా?"

నేను పరాచికం అనుకున్నాను. "ఏంటి బావా, మర్యాదలు?" అని నవ్వాను. ఆయన కూడా నవ్వాడు. నా నవ్వు ఆగిపోయింది, ఆయనది ఆగలేదు. పళ్ళు కనపడని, పెదాలు కాస్త పక్కకు సాగిన మెత్తని నవ్వు. అక్క కాఫీ ఇస్తే, "చాలా సంతోషం," అన్నాడు. కింద ఎవరో మూట జారవిడిచి ధడేలుమంటే ఇంట్లో అందరం ఉలిక్కిపడ్డాం. ఆయన ఆ చప్పుడు వైపు కూడా అదే నవ్వుతో చూశాడు.

మొదట్లో అది పండగే. అన్నం ఏది పెడితే అది తిన్నాడు. ఫ్యాను ఆగితే చెమటలు కారుతున్నా కదలకుండా కూర్చున్నాడు. షెడ్డులో పనివాళ్ళు చూడటానికొచ్చి, వెళ్ళేటప్పుడు కళ్ళు తుడుచుకుంటూ, "సార్ దేవుడైపోయినాడక్కా," అన్నారు. ఇరుగుపొరుగు ఆడవాళ్ళు అక్క అదృష్టాన్ని మెచ్చుకున్నారు.

బావ తల్లి ఒక్కతే దగ్గరికి రాలేదు. ఆవిడకు ఎనభై దగ్గర పడుతున్నాయి. వంటింటి గడప అవతల గోడకు ఆనుకుని కూర్చునేది, కొడుకు ఉన్న గదిలో అడుగు పెట్టేది కాదు. నేను పక్కన కూర్చుని, "ఏంటత్తమ్మా, మీ అబ్బాయి ఇంటికొచ్చాడు కదా?" అన్నాను.

ఆవిడ నా మోచెయ్యి పట్టుకుని గొంతు తగ్గించింది. "ఈడు నా కొడుకు కాదమ్మా."

"అదేం మాట?"

"నా కొడుకు యాడికో పోయినాడు. ఎవరో వచ్చి వాడి కుర్చీలో కూర్చోనుండాడు. నేను కన్నదాన్ని, నాకు తెల్దా? పుట్టినప్పుడే ఆసుపత్రి అదిరేటట్టు ఏడ్సినోడు వాడు."

వయసు మీద పడి అలా అంటోందని నేను అక్కతో చెప్పాను.

చర్చికి బావను ఎవరూ రమ్మనలేదు. ఒక ఆదివారం అక్క ఆటోలో వెళ్తుంటే పక్కన వచ్చి కూర్చున్నాడు. గేటు దగ్గర దిగి, టీ కొట్టు వైపు చూడకుండా, ఆమె వెనకే లోపలికి నడిచాడు. "అందరూ పోతాండారు గదా," అన్నాడట.

మా పాస్టరుగారు నెల్లూరు మనిషి. మంచి మాటకారి, నిజంగా జాలిగుండె ఉన్నవారు. అక్క ఏళ్ళ తరబడి భర్త కోపం కోసం ప్రార్థన చేయించుకున్నది ఆయన దగ్గరే. ఇప్పుడు ఆ భర్త ముందు వరసలో కూర్చుని నవ్వుతుంటే ఆయన అందరి ముందూ పాత మనిషి చచ్చి కొత్త మనిషి లేచాడన్నారు. ఇంకో వారం బావ చేత సాక్ష్యం చెప్పించారు.

ఆ రోజు నేనూ ఉన్నాను. బావ మైకు పట్టుకుని, "నాకు చాలా కోపం ఉండేది. పళ్ళేలు ఇసిరేసేవాణ్ణి. ఇప్పుడు లేదు. దేవునికి స్తోత్రం," అన్నాడు. గొంతు ఎక్కడా ఎత్తలేదు, దించలేదు. రైల్వే స్టేషన్లో ప్రకటన చదివినట్టు ఉంది. జనం హల్లెలూయా అన్నారు, చాలామంది ఏడ్చారు. ముందు వరసలో ఒక తల్లి ఒళ్ళో చంటిపాప ఉంది. ఆ పాప బావ మొహం వైపే చూస్తూ, మొదట కళ్ళు పెద్దవి చేసి, తర్వాత గుక్కపట్టి ఏడవడం మొదలుపెట్టింది. తల్లి బయటికి తీసుకుపోయింది. బావ ఆ పాప పోయినంత దూరం నవ్వుతూ చూశాడు.

ఆరాధన అయ్యాక పాస్టరుగారు నా దగ్గరికొచ్చారు. "ఏమ్మా, తత్వశాస్త్రం ఏమంటోంది?"

నేను క్లాసులో ఏటా మానవ స్వభావం గురించి చెప్తాను. మనిషి పుట్టుకతో మంచివాడనీ లోకం చెడగొడుతుందనీ కొందరు; పుట్టుకతోనే స్వార్థపరుడు, భయమే వాణ్ణి కట్టేసి ఉంచుతుందని కొందరు; మంచీ చెడూ కాదు, అలవాటే స్వభావమవుతుందని ఇంకొందరు. ఇక నేను పెరిగిన చర్చి చెప్పేది వేరు. మనిషి దేవుని పోలికలో పుట్టాడు, పడిపోయాడు, తనంతట తాను లేవలేడు, కృప వచ్చి లేపాలి. ఇవన్నీ బోర్డు మీద పక్కపక్కన రాసినప్పుడు శుభ్రంగానే ఉంటాయి.

"అయ్యగారూ, ఆ కొక్కెం కొంచెం పక్కన తగిలి, ఆయన ఇంకా క్రూరుడై ఇంటికొచ్చుంటే అది ఎవరి పని అనేవాళ్ళం?" అన్నాను.

"దేవుడు దెబ్బను కూడా వాడుకుంటాడమ్మా. మనిషి తన మంచితనాన్ని తాను తయారు చేసుకోలేడు. మీ చదువులు ఒప్పుకోనిది అదే."

"అది ఒప్పుకుంటాను. కాని మారుమనస్సు అంటే ఒక మనసు ఉండి, అది మారాలి కదా. ఈయనలో మారిందా, తగ్గిందా?"

ఆయన నొచ్చుకోలేదు. "పండు తీయగా ఉన్నప్పుడు చెట్టును అనుమానించడమెందుకమ్మా?" అన్నారు.

నేను బయటికి చూశాను. గేటు దగ్గర బావ ఒక్కడే నిలబడి, వచ్చేపోయే ప్రతి ఒక్కరికీ, చెప్పులు వెతుక్కుంటున్నవాళ్ళకీ, కుక్కకీ, ఖాళీ రోడ్డుకీ ఒకే కొలతలో నవ్వుతున్నాడు.

ఆయన ప్రశ్నకు జవాబు అక్క దగ్గర ఉందని నాకు కొన్నాళ్ళకు తెలిసింది. ఒక ఆదివారం రాగిముద్ద కలుపుతూ, వెనక్కి తిరగకుండానే చెప్పింది.

"మొన్న సారులో ఉప్పు వెయ్యలేదే. కావాలనే."

"ఏమన్నాడు?"

"బాగుండాదన్నాడు. మర్నాడు గుప్పెడు పోశాను. నోట్లో పెట్టుకోలేం. నాలిక కాలిపోయేంత. అంతా తిన్నాడు. మధ్యలో నీళ్ళు కూడా తాగలేదు. కళ్ళలోంచి నీళ్ళు కారుతున్నాయి, మొహం నవ్వుతోంది. బాగుండాది, చాలా సంతోషం అన్నాడు." ఆమె చేతులు ముద్దలోనే ఆగిపోయాయి. "నేను పళ్ళెం లాక్కున్నాను. ఇంకా కావాలేమోనని చెయ్యి చాపాడే."

నేను ఆమె భుజం మీద చెయ్యి వేశాను.

"ఇన్నేళ్ళూ మోకాళ్ళ మీద పడి అడిగిందాన్నే, ఈ కోపం తీసెయ్యి తండ్రీ అని. తీసేశాడు. ఇప్పుడు ఏ మొహం పెట్టుకుని వద్దని అడగను?"

ఆ వేసవిలో ఒక రోజు మా కాలేజీకి మధ్యాహ్నం నుంచి సెలవిచ్చారు. అక్క డ్యూటీలో ఉంటుందని తెలుసు. ఒంగోలు నుంచి అమ్మ పంపిన ఆవకాయ జాడీ ఇచ్చి వెళ్దామని కాటన్‌పేట వెళ్ళాను. కింద లారీ అడ్డంగా నిలబడి ఉంది, హమాలీల కేకలు, హారన్లు. మెట్లెక్కాను. తలుపు బార్లా తీసి ఉంది.

నడవాలో అత్తమ్మ నేల మీద పడి ఉంది. ఒక కాలు ఉండకూడని వైపుకు తిరిగి ఉంది. తల కింద దిండు పెట్టి ఉంది, ఒంటి మీద దుప్పటి చక్కగా కప్పి ఉంది. పక్కన బావ పీట వేసుకుని కూర్చుని విసనకర్రతో విసురుతున్నాడు. అలవాటైన పని చేస్తున్నట్టు, తాపీగా.

"రండమ్మా," అన్నాడు. "అమ్మ పడింది. నొప్పి అంటాండాది. నేను ఇసురుతుండా."

నేను ఆవిడ పక్కన కూర్చున్నాను. ఆవిడ పెదాలు ఎండి తెల్లగా అయిపోయాయి. నన్ను చూసింది, గొంతు రాలేదు. కళ్ళు మాత్రం కొడుకు వైపు తిరిగి మళ్ళీ నా వైపు తిరిగాయి. అంత భయం నేను ఏ మొహంలోనూ చూడలేదు. అది నొప్పి వల్ల వచ్చిన భయం కాదు.

"ఎప్పుడు పడ్డారు బావా?"

"పొద్దున. మీ అక్క డ్యూటీకి పోయినాక."

"పొద్దున్నా! ఎవరినీ పిలవలేదా? అక్కకు ఫోను?"

"అందరూ పనిలో ఉంటారు గదమ్మా. పాపం వాళ్ళను ఎందుకు ఇబ్బంది పెట్టేది?" విసనకర్ర ఆగలేదు. "చానాసేపు అరిచింది. ఇప్పుడు ఊరుకునింది. కాఫీ తాగుతారా?"

నేను మెట్ల మీదికి పరిగెత్తి కిందికి కేక వేశాను. లారీ మీద ఉన్నవాళ్ళు ఇద్దరు పైకొచ్చారు. పొద్దుటి నుంచీ పైన ఏదో కేక వినపడుతూనే ఉందనీ, ఆ ఇంట్లో అరుపులు మామూలే కదా అనుకున్నామనీ వాళ్ళు అన్నారు. అంబులెన్సు వచ్చేదాకా బావ విసురుతూనే ఉన్నాడు. స్ట్రెచరు మీదికి ఎత్తుతుంటే ఆవిడ కేక పెట్టింది. దానికీ ఆయన మొహం మారలేదు. దుప్పటి జారితే మాత్రం ఎంతో జాగ్రత్తగా సర్దాడు.

తుంటి ఎముక విరిగిందన్నారు. ఆపరేషను చేశారు. పాస్టరుగారు చూడటానికొచ్చి ఆవిడ మంచం పక్కన నిలబడి, ప్రార్థన చెయ్యమంటారా అని అడిగారు. ఆవిడ విభూతి పెట్టుకున్న మొహం ఆయన వైపు తిప్పింది.

"సెయ్యి సామీ. మీ దేవుడు మంచోడే, నా కోడలు మొక్కే దేవుడు గదా. కాని ఆయన్ని ఒకటి అడుగు. నా కొడుకు కోపం యాడ పెట్టినాడో అడుగు. నేను కింద పడితే వాడు ఈ పేట పేటంతా లేపుండేవాడు. నన్ను తిట్టుండేవాడు, 'సూసుకోని నడవకూడదా ముసిల్దానా' అని. తిట్టుకుంటా ఏడ్సుకుంటా ఎత్తుకోని పరిగెత్తుండేవాడు." ఆవిడ ఊపిరి తీసుకుంది. "వాడి ప్రేమ అంతా ఆ కోపంలోనే ఉండె సామీ. కోపం తీస్తే దాంతోపాటు అదీ ఊడొచ్చేసింది."

పాస్టరుగారు ప్రార్థన చేశారు. కాని ఎప్పటిలా సాగలేదు, మధ్యలో ఆగిపోయారు. వరండాలోకి వచ్చాక నాతో అన్నారు. "మా ప్రభువు స్నేహితుడి సమాధి దగ్గర ఏడ్చాడమ్మా. దేవాలయంలో వ్యాపారుల బల్లలు తిరగేశాడు. నాకు తెలియనిదా ఇది? ఎన్నిసార్లు చెప్పాను! మరి మీ బావగారిని చూసి కొత్త మనిషని ఎలా అనేశాను?" కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. "ఏ శోధనా, ఏ ప్రలోభమూ లేనివాడి మంచితనాన్ని చూసి సంబరపడ్డాను. ఆ మంచితనం ఆయనకు తెలియకుండానే జరిగిపోతోంది." ఆ తర్వాత బావను సాక్ష్యానికి పిలవలేదు. అయితే చర్చికి వచ్చినప్పుడు పక్కన కూర్చోబెట్టుకోవడం మానలేదు.

బావతో ఒంటరిగా మాట్లాడాలని నాకు చాలా రోజులుగా ఉంది, ధైర్యం చాలలేదు. అత్తమ్మ ఆసుపత్రిలో ఉండగా ఒక సాయంత్రం అక్క బట్టలు తెచ్చిపెట్టమంటే వెళ్ళాను. ఆయన మేడ మీద ఆరిన బట్టలు మడత పెడుతున్నాడు. ఎండ ఇంకా తగ్గలేదు.

"బావా, నీకు వెనకటి కోపం గుర్తుందా?"

"గుర్తుండాది."

"పళ్ళెం విసిరేసింది?"

"ఊఁ." ఒక చొక్కా మడిచి, చేత్తో సాపు చేశాడు. "ఎవరో కథ చెప్పినట్టు గుర్తుండాదమ్మా. ఒకాయన ఉండాడు. పళ్ళెం ఇసిరేస్తాండాడు. అరుస్తాండాడు. ఆయప్ప నా చొక్కా తొడుక్కోనుండాడు."

"ఆయనంటే నీకు కోపమా?"

"నాకు కోపం రాదు గదా. పాపం అనాల్నేమో. ఊరికే అంత కష్టపడినాడు."

"ఇప్పుడు ఎక్కడున్నాడు ఆయన?"

అది నేను అడగకుండా ఉండాల్సింది. బావ చేతిలో బట్ట పక్కన పెట్టి, నిజంగా వెతుకుతున్నట్టు చుట్టూ చూశాడు. నీళ్ళ ట్యాంకు వైపు, తీగ మీద అక్క చీర వైపు. తర్వాత నా భుజం మీదుగా, మెట్ల తలుపు దగ్గర చూపు ఆగింది. ఎవరినో గుర్తుపట్టినట్టు తల కొంచెం ఊపాడు.

నేను తిరిగి చూశాను. మెట్లు ఖాళీగా ఉన్నాయి.

"ఒగొగసారి వస్తాడు," అన్నాడు బావ, మళ్ళీ బట్ట అందుకుంటూ. "ఏం మాట్లాడడు. మీ అక్కను సూసి పోతాడు."

ఆ మాట నేను అక్కకు చెప్పలేదు. డాక్టరుకు చెప్పాను. అలాంటి దెబ్బల్లో అవి మామూలేనని ఆయన మందు మార్చాడు.

అక్క మాత్రం ఆ తర్వాత ఏడవడం మానేసింది. ఆమె నర్సు. నడక పోయినవాళ్ళకు నడక నేర్పడం ఆమెకు తెలుసు. బావను ఎదురుగా కూర్చోబెట్టుకుని చెప్పడం మొదలుపెట్టింది. ఎవరైనా కింద పడితే పిలవాలి. రక్తం కనపడితే పిలవాలి. ఎదుటి మనిషి ఏడుస్తుంటే నవ్వకూడదు, పక్కన కూర్చోవాలి. ఉప్పు ఎక్కువైతే ఎక్కువైందని చెప్పాలి. ఆయన బుద్ధిగా విన్నాడు, అడిగితే తిరిగి అప్పజెప్పాడు. అలవాటే స్వభావమవుతుందని నేను పిల్లలకు ఎన్నేళ్ళుగానో చెప్తున్నాను. అది ఒక వంటింట్లో, అరవైకి దగ్గరపడ్డ మనిషి మీద, ఒక్కొక్క ఇటుకా పేర్చినట్టు జరుగుతుంటే చూడటం మాత్రం వేరు. ఒక్కోసారి నలుగురిలో ఉండగానే అక్క చెవి దగ్గరకు వంగి అడిగేవాడు. "ఇప్పుడు నేను బాధపడాల్నా?"

అత్తమ్మ ఇంటికొచ్చింది కాని మంచం దిగలేదు. ఆవిడకు అన్నం పెట్టడం, ఒళ్ళు తుడవడం, పక్క మార్చడం అన్నీ బావే చేశాడు. మొదట్లో ఆయన చెయ్యి తగిలితే ఆవిడ కళ్ళు మూసుకునేది. పోనుపోను తినడం మొదలుపెట్టింది. ఒకసారి నాతో అంది. "ఎవురో గాని, నా కొడుకు కన్నా బాగా సూసుకుంటాండాడు. వాడైతే పది తిట్లు తిట్టి ఒక ముద్ద పెడతా ఉండె. అందుకే భయమైతాది అమ్మా. నేను పోయి పైన వాణ్ణి కలిస్తే, నువ్వు యాడికి పోయినావురా అని అడిగితే, ఏం చెప్తాడో."

వానాకాలంలో ఒక పొద్దున ఆవిడ పోయింది. ఇల్లంతా చుట్టాలు. శవాన్ని నడవాలో, అప్పుడు పడిన చోటుకు దగ్గరలోనే పడుకోబెట్టారు. బావ గోడ పక్కన నిలబడి వచ్చినవాళ్ళందరికీ చేతులు జోడిస్తున్నాడు. మొహం మీద నవ్వు లేదు, అక్క నేర్పింది. నవ్వు తీసేస్తే ఆ మొహంలో ఇంకేమీ లేదని అప్పుడు తెలిసింది. చుట్టాల్లో ఒక పెద్దాయన, "కన్నతల్లి పోతే ఒక చుక్క కన్నీరు లేదు చూడప్పా," అని పక్కవాళ్ళతో గట్టిగానే అన్నాడు.

బావ విన్నాడు. అక్క దగ్గరికొచ్చి అడిగాడు. "ఇప్పుడు ఏడవాల్నా?"

అక్క ఆయన కళ్ళలోకి చూసింది. "ఊఁ," అంది.

వెళ్ళి తల్లి తల దగ్గర కూర్చున్నాడు. నోరు తెరిచాడు. మొదట వచ్చింది ఏడుపు కాదు, తుప్పు పట్టిన గడియ తీసినట్టు ఒక శబ్దం. మళ్ళీ ప్రయత్నించాడు. మూడోసారికి గొంతుకు పట్టు దొరికింది. సందు చివరిదాకా వినపడేంత కేక అది. ఒకప్పటి ఆయన గొంతు. నేనూ అక్కా ఒకళ్ళ చెయ్యి ఒకళ్ళం పట్టుకున్నాం. ఆడవాళ్ళు ఘొల్లుమన్నారు, ఆ పెద్దాయన కూడా పైపంచె కళ్ళకు అద్దుకున్నాడు. బావ ఆపలేదు. అందరి ఏడుపులూ సద్దుమణిగాయి, ఆయనది అదే ఎత్తులో సాగుతూనే ఉంది. జనం ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకున్నారు. చివరికి అక్క వెళ్ళి వీపు మీద చెయ్యి వేసి, "చాలు," అంది. కేక మధ్యలో తెగిపోయింది. ఆమె కొంగుతో ఆయన మొహం తుడిచింది. కొంగు నిజంగానే తడిసింది.

షెడ్డును ఇప్పుడు ఆయన దగ్గర పాతికేళ్ళుగా పనిచేసిన ఫోర్‌మన్ నడుపుతున్నాడు. బావ పొద్దున వెళ్ళి లేత్ ముందు నిలబడతాడు, పని పొల్లుపోదు. ఆదివారం చర్చి, ఆ తర్వాత నేను వెళ్తే, "రండమ్మా."

మొన్న ఒక రోజు క్లాసు అయి బయటికొస్తుంటే అక్క ఫోను చేసింది. ఇంటి ముందు తోపుడుబండి తిరగబడి ఒక హమాలీ మూటల కింద పడ్డాడట. అక్క కిటికీలోంచి చూసి కేక వేసేలోపే బావ మెట్లు దిగి పరిగెత్తాడట. మూటలు లాగేస్తూ, వచ్చేపోయేవాళ్ళను పిలుస్తూ, ఒకడి చేత ఆటో ఆపించి, ఆ మనిషిని ఎత్తి కూర్చోబెట్టి, తనూ ఎక్కి ఆసుపత్రికి తీసుకుపోయాడట.

"నువ్వు చెప్పకుండానా?" అన్నాను.

"నేను నోరు తెరవలేదే. వచ్చాక అడిగాను, ఎవరు చెప్పారు మీకు అని. ఎవరూ చెప్పలేదు, వాటంతట కాళ్ళే పోయినాయి అన్నాడు." వెనక వీధి చప్పుడు వినిపిస్తోంది. "నేర్చుకున్నాడంటావా? లేకపోతే ఆ పాత మనిషే తిరిగొచ్చాడంటావా?"

నాకు తెలియదని చెప్పాను. అది నిజం.

"ఆ మనిషి కాలు విరిగిందే. గిలగిల్లాడుతున్నాడు. ఈయన చెయ్యాల్సిందంతా చేశాడు, ఒక్కటి తప్పలేదు. కాని పైనుంచి చూస్తున్నాను కదా..." గొంతు తగ్గించింది, పక్క గదిలో ఆయన ఉన్నాడేమో. "చేస్తున్నంతసేపూ నవ్వుతూనే ఉన్నాడు."

నేను ఏదో అనబోయాను. ఆమె అప్పటికే మామూలు గొంతుతో, స్నానం చేసి కూర్చున్నాడనీ అన్నం పెట్టాలనీ చెప్పి ఫోను పెట్టేసింది.